నిద్రబిడ్డ గడువు

మధ్యాహ్నం నిద్ర లేవగానే ఇత్తో నోట వచ్చే మొదటి మాట ఎప్పుడూ ఒకటే. "నాన్నా, ఎంతసేపు పడుకున్నాను?"

ఆమె తండ్రి బస్సూ అనే ముసలాయనకు చూపు పోయి తొమ్మిదేళ్ళయింది. అయినా తడుముకోకుండా చెప్పేవాడు. "ఒక మునక నిండా, రెండో దాంట్లో సగం." ఆయన ముందు రాతి తొట్టి, తొట్టిలో నీళ్ళు, నీళ్ళ మీద రాగి గిన్నె. గిన్నె అడుగున సన్నటి బెజ్జం. బెజ్జంలోంచి నీళ్ళెక్కి మునిగేటప్పుడు గిన్నె గుటుక్కుమంటుంది. ఆ చప్పుడు వినగానే ఆయన ఖర్జూరపాకు చీలికకు ఒక ముడి వేసి, గిన్నె తీసి దులిపి, మళ్ళీ వదిలేవాడు. ఒక ముడి అంటే ఒకరి చేనికి ముప్పావుగంట నీళ్ళు. ఊళ్ళో వాచీలు లేవని కాదు. వాచీ పెళ్ళిళ్ళకు పెట్టుకెళ్ళడానికి, నీళ్ళ దగ్గర మాత్రం గిన్నె మాటే మాట. పొద్దు పొడిచింది మొదలు పొద్దు గుంకేదాకా బస్సూ ఆ తొట్టి దగ్గరే. రాత్రి నీళ్ళు ఊరుమ్మడి చెరువుకి పోతాయి, వాటికి లెక్క లేదు.

తండ్రి చెప్పింది విని ఇత్తో తలూపేది. తర్వాత తన నడుముకు చుట్టుకున్న ఎర్ర ఉన్నితాడు విప్పి దానికి రెండు ముడులు వేసుకునేది. ఆయన ముడులు ఈ లోకానివి. ఆమె ముడులు ఆ లోకానివి.

ఇత్తో కడుపులో బిడ్డ నిద్రపోతున్నాడు. పదకొండేళ్ళుగా పోతున్నాడు. నవ్వే వాళ్ళు నవ్వవచ్చు. ఎడారి అంచున మా ఏటి పొడుగునా ఏ ఊళ్ళో అడిగినా ఇలాంటి తల్లి ఒకతె ఉంటుంది, ఆమె ముందు మాత్రం ఎవరూ నవ్వరు. తండ్రి చచ్చిపోయినప్పుడు కడుపులో పిల్ల దిగులుతో ముడుచుకుని నిద్రపోతుందనీ, రెండేళ్ళకో ఏడేళ్ళకో లేచి పుడుతుందనీ మా వాళ్ళ నమ్మకం. ఇత్తో మొగుడు జాయిద్ భూమి కింది కాలువలు తవ్వే మనిషి. ఒకరోజు సొరంగం పైకప్పు అతని మీదే కూలింది. అప్పటికి ఆమెకు అయిదో నెల. కబురు వినగానే పడిపోయింది, మూడు రోజులు జ్వరంలో ఒళ్ళు తెలియలేదు. కళ్ళు తెరిచేసరికి పొట్ట చదునుగా ఉంది. మంత్రసాని తూదా పక్కన కూర్చుని ఆమె చెయ్యి నిమురుతోంది.

"పోలేదే తల్లీ, పడుకున్నాడు," అంది తూదా. "వాడి గడువు వాడు పూర్తి చేసుకుని లేస్తాడు. నువ్వు మాత్రం బతికుండాలి."

ఆ మాట పట్టుకునే ఇత్తో బతికింది. రెండో పెళ్ళికి ఇద్దరు మనుషులొచ్చి అడిగితే, కడుపుతో ఉన్నదానికి పెళ్ళేమిటని పంపించేసింది.

ఆ ఏడాదే కల మొదలైంది. తొట్టి పక్కన మట్టి అరుగు మీద మధ్యాహ్నం కునుకు తీస్తే చాలు, వెళ్ళిపోయేది. అదీ ఈ ఊరే. ఇదే కాలువ, ఇవే గోడలు. మనుషులుండరు. వెలుగుంటుంది, సూర్యుడుండడు. గోడకు నీడ ఉండదు, కోడి కూయదు, మసీదు నుంచి పిలుపు రాదు. కాలువ పక్కన జాయిద్ ఉన్నికోటు పరిచి ఉంటుంది, దాని మీద బిడ్డ ముడుచుకుని పడుకుని ఉంటాడు. జాయిద్ చెవులే వాడికి. ఆమె పక్కన కూర్చుని చూస్తూ ఉండేది. మెలకువ వచ్చేది.

ఆరేళ్ళు అలా చూస్తూనే గడిపింది. ఆ తర్వాత ఒకరోజు, ఎన్నాళ్ళయినా పిల్లవాడు ఎందుకు లేవడం లేదా అని ఆలోచించింది. నీళ్ళు కొలిచేవాడి కూతురు కదా, సంగతి చటుక్కున తట్టింది. గడువు పూర్తి కావలసింది ఇక్కడ కాదు, వాడున్న చోట. పొయ్యెక్కని కుండ ఇంట్లో పదేళ్ళున్నా గింజ ఉడకదు. తను అక్కడ ఉన్నంతసేపే అక్కడ కాలం నడుస్తున్నట్టుంది, అదెంతో తెలిస్తే మిగిలిందెంతో తెలుస్తుంది.

గుప్పిట్లో పట్టుకుని పడుకున్నది కలలోకి వస్తుందని ఆమెకు అప్పటికే తెలుసు. మొదటి ఏడాదే ఎర్ర ఉన్నిపోగు ఒకటి అలా తీసుకెళ్ళి బిడ్డ ముంజేతికి కట్టింది. మా వైపు పుట్టిన పిల్లలకు అలా కడతారు, చెయ్యి పెరిగి పోగు బిగిస్తే తెంపి కొత్తది కడతారు. ఈసారి గిన్నె పట్టుకుని పడుకుంది. తండ్రి వాడే గిన్నె కాదు, దాని జోడు.

నీళ్ళు కొలిచే ఇంట్లో గిన్నెలు ఎప్పుడూ రెండుంటాయి. ఒకే కంచరి ఒకే రోజు చేసినవి. ఒకటి పని చేస్తుంది, రెండోది గూట్లో ఉంటుంది. ప్రతి శుక్రవారం రెండింటినీ పక్కపక్కన నీళ్ళ మీద వదులుతారు. రెండూ ఒక్కసారి గుటుక్కుమంటే లెక్క సరి. పనిచేసే గిన్నె ఆలస్యమైతే బెజ్జంలో గార కట్టినట్టు. మా నీళ్ళు సున్నపు నీళ్ళు. అప్పుడు దబ్బనం మొనతో బెజ్జాన్ని గీకి, జోడుతో సమానమయ్యేదాకా సరిచేస్తారు. గూట్లోది పాడుకాదు, అబద్ధమాడదు. అది తాతలనాటి నమ్మకం.

కలలో గిన్నె మునిగింది. ఒక్కో నిద్రకు రెండుసార్లు. రాత్రీ పగలూ కలిపి రోజుకు ముప్ఫై రెండు మునకలు, తొమ్మిది నెలల్లో మిగిలింది నాలుగు నెలలు, మొత్తం మూడువేల ఎనిమిదివందల నలభై. తండ్రి చేత ఆ లెక్క కట్టించింది, ఎందుకో మాత్రం చెప్పలేదు. ఆయనా అడగలేదు. ఆ రోజు నుంచి ఆమె మొహం మీదికి కళ వచ్చింది. ఎంత పెద్ద అంకె అయినా అంకె అంటూ ఉంటే మనిషి నడవగలడు.

అయిదేళ్ళు నడిచింది. ముడులు మూడువేల మూడువందలయ్యాయి. ఆ శరత్కాలంలో నెలసరి తప్పింది. మరుసటి నెలా రాలేదు. ఇత్తో ఆనందంతో తూదా దగ్గరికి పరుగెత్తింది. తూదా ఆమె మొహం చూసి, పొట్ట తడిమింది.

"నలభై ఒకటొచ్చాయి కదే నీకు," అంది. "అది బిడ్డ లేవడం కాదు. గుమ్మం మూసుకోవడం."

"మూసుకుంటే?"

"లోపల పడుకున్నవాడు లోపలే ఉంటాడు." తూదా ఆమె కళ్ళలోకి చూడలేదు. "ఈ వసంతం దాటదనుకుంటాను. వదిలెయ్యవే తల్లీ ఇంక."

ఇంకా అయిదువందల నలభై ముడులు. రోజుకు రెండు చొప్పున తొమ్మిది నెలలు. వసంతానికి ఆరే నెలలు. ఎంత కూడినా ఎంత తీసేసినా లెక్క ఒక్కటే వస్తోంది, అది చావుకబురులా వస్తోంది.

వారం రోజులు ఆమె అన్నం సరిగా తినలేదు. ఎనిమిదో రోజు గూట్లోంచి జోడు గిన్నె తీసి, దబ్బనం మొన బెజ్జంలో పెట్టి ఒక్క తిప్పు తిప్పింది. బెజ్జం పెద్దదైతే గిన్నె త్వరగా మునుగుతుంది, ముడులు త్వరగా పడతాయి. తప్పని తెలుసు. తెలిసే చేసింది. ఇక్కడైతే గిన్నె తప్పు చెబితే సూర్యుడు పట్టిస్తాడు, అక్కడ సూర్యుడే లేడు కదా అని తనకు తాను నచ్చజెప్పుకుంది. గిన్నె తప్ప ఇంకే కొలతా లేని చోట గిన్నె ఎంతంటే కాలం అంతే. అలాంటి తర్కం ఆశ ఉన్నవాళ్ళకే వస్తుంది, మామూలు బుర్రలకు రాదు.

ఆమె మర్చిపోయింది శుక్రవారాన్ని.

ఆ శుక్రవారం బస్సూ రెండు గిన్నెలూ వదిలి, చెవి వంచి కూర్చున్నాడు. ఒకటి మునిగింది. ఆయన రెండోదాని కోసం తల తిప్పాడు. అది కాస్త ఆగి మునిగింది. "గార పట్టిందే," అంటూ పని గిన్నె తీసుకుని దబ్బనం అడిగాడు. ఇత్తో దబ్బనం చేతికిచ్చింది. ఆయన వేళ్ళతో తడిమి, గార ఏమీ తగలక, ఆశ్చర్యపోయి, అయినా బెజ్జాన్ని గీకాడు. వదిలి చూసి మళ్ళీ గీకాడు. రెండూ కలిసి గుటుక్కుమనేదాకా గీకాడు. మంచి గిన్నెను తండ్రి తన చేతులతో పాడుచేస్తుంటే ఆమె పక్కనే కూర్చుని చూసింది. కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుంది.

తర్వాతి వారం ఇంకో తిప్పు. ఆ శుక్రవారం తండ్రి ఇంకో గీకు. అలా చలికాలమంతా సాగింది. కొన్ని వారాలకు ముసలాయన తన చెవినే అనుమానించడం మొదలుపెట్టాడు. పూర్వం ఒక మునకలో మూడు పెద్ద ప్రార్థనలు నిదానంగా పూర్తయ్యేవట, ఇప్పుడు మూడోది సగంలో ఉండగానే గిన్నె పిలుస్తోందట. "నాకు వయసొచ్చింది తల్లీ, నాలుక మందగించింది," అన్నాడు. ఇత్తో ఆ రోజు ఆయన కాళ్ళు పట్టింది, వేడి రొట్టె మీద వెన్న వేసి పెట్టింది. నిజం మాత్రం పెట్టలేదు.

చలికాలం సగం దాటాక పొద్దు సాగుతుంది కాబట్టి ముడులు పెరగడం ఎవరికీ వింతగా తోచలేదు. కాలువ మొదట్లో చేలున్నవాళ్ళు సుఖంగానే ఉన్నారు, వాళ్ళకు వంతు త్వరగా వస్తోంది. చావొచ్చింది చివరి చేల వాళ్ళకి. నీళ్ళు ఎండిన కాలువంతా తడుపుకుంటూ అక్కడికి చేరేసరికే వంతు అయిపోతోంది. అందరికన్నా చివర హమ్మూ చేను. ఏప్రిల్ వచ్చేసరికి అతని బార్లీ మోకాలెత్తులోనే పసుపెక్కి, చేత్తో నలిపితే పొట్టు తప్ప గింజ రాలలేదు. హమ్మూకి అయిదుగురు పిల్లలు.

అతను వాచీ పెట్టుకుని, ఊరి పెద్దలను వెంటబెట్టుకుని తొట్టి దగ్గరికి వచ్చాడు. గిన్నె అరగంటకే మునుగుతోందని వాచీ చూపించాడు.

"తింఘీర్ సంతలో కొన్నావా అది?" అన్నాడో పెద్దమనిషి. "మా బావ కూడా అక్కడే కొన్నాడు. అది రోజుకు రెండుసార్లు రంజాన్ ఉపవాసం విప్పిస్తుంది."

అందరూ నవ్వారు. హమ్మూ నవ్వలేదు. "నా చేను చూడండి, వాచీని నమ్మకపోతే," అన్నాడు. "బస్సూ మామా, నువ్వు చెప్పు. నలభై ఏళ్ళుగా కొలుస్తున్నావు. సరిగ్గానే మునుగుతోందా?"

బస్సూ గూటివైపు చెయ్యి చాచాడు. ఇత్తో జోడు తెచ్చి ఇచ్చింది. రెండు గిన్నెలూ నీళ్ళ మీద వదిలారు. పదిమంది తొట్టి చుట్టూ చేరి కూర్చున్నారు. రెండూ కలిసి గుటుక్కుమన్నాయి.

"జోడు అబద్ధమాడదు, నాయనా," అన్నాడు బస్సూ. ఆ గొంతులో ఎన్నాళ్ళకో ధీమా తిరిగొచ్చింది. తన చెవి బాగానే ఉందన్న సంతోషం అది.

పెద్దలు హమ్మూను మందలించారు. కాలువ పూడిక తీసుకోక గిన్నె మీద పడ్డాడన్నారు. వెళ్ళేముందు అతను ఇత్తో వైపు ఒకసారి చూశాడు, కోపంగా కాదు, ఆమైనా ఒక మాట అంటుందేమోనన్నట్టు. ఆమె నడుము తాడును గుప్పిట్లో పట్టుకుని తల దించుకుంది. ఇంకా నలభై ఎనిమిది ముడులే మిగిలాయి. పదహారు రోజులు. బిడ్డ ఒక్కసారి కళ్ళు తెరిస్తే అందరి కాళ్ళూ పట్టుకుంటాను, హమ్మూ పిల్లలకు ఏడాది తిండి నేనే పెడతాను అని దేవుడికి మొక్కుకుంది. దేవుడితో బేరాలాడని తల్లి ఎక్కడుంది.

పదహారో రోజు ఆమె స్నానం చేసి, కళ్ళకు కాటుక పెట్టుకుని, పెళ్ళినాటి ఓణీ కప్పుకుని అరుగు మీద పడుకుంది. తండ్రి ఏమిటి విశేషమని అడిగితే ఏమీ లేదంది.

అక్కడ ఎప్పటిలాగే వెలుగుంది. గిన్నె కాలువలో వదిలింది. ఒకటి. రెండు. మూడోసారి గిన్నె గుటుక్కుమనగానే మూడువేల ఎనిమిదివందల నలభై పూర్తయ్యాయి. ఆమె బిడ్డ మీదికి వంగింది. "లేవరా నాన్నా, అయిపోయింది," అంది. బిడ్డ కదల్లేదు. భుజం పట్టి మెల్లగా ఊపింది. ఆ తర్వాత, ఇన్నేళ్ళూ చూసీ చూడనట్టు వదిలేసిన పని చేసింది. ముంజేతి ఎర్రపోగు కింద తన చిటికెన వేలు పెట్టి చూసింది. కట్టిన రోజు ఎంత వదులుందో అంతే వదులు. ఉన్ని సాగుతుందిలే అని ఆమె ప్రతిసారీ తనకు తాను చెప్పుకునేది. ఉన్ని సాగలేదు. చెయ్యి పెరగలేదు. పదకొండేళ్ళలో ఒక్క వెంట్రుకవాసి పెరగలేదు. ఇన్ని వేలసార్లు మునిగింది గిన్నె ఒక్కటే.

మెలకువ వచ్చినా ఆమె ఎంతసేపని అడగలేదు. బస్సూ ఏమైందన్నాడు. అప్పుడు చెప్పింది. కల, ముడులు, దబ్బనం, శుక్రవారాలు, హమ్మూ బార్లీ, ఏదీ దాచకుండా చెప్పింది. తొట్టిలో గిన్నె మునిగింది. మొదటిసారి ఆయన ముడి వెయ్యలేదు.

తిడతాడనుకుంది. ఆయన మునిగిన గిన్నెను తీసి పక్కన పెట్టాడు.

"ముందు తప్పు గిన్నె చేతికిచ్చింది నేనే తల్లీ," అన్నాడు. "నీకు జ్వరమొచ్చిన రెండో రోజే బిడ్డ పోయాడు. తూదా గుడ్డలో చుట్టి నా చేతిలో పెట్టింది. నా అరచేతిలో పట్టాడు. నువ్వు కళ్ళు తెరిచి అడిగితే ఏం చెప్పాలో తెలియలేదు. బావి వైపే చూస్తావని భయమేసింది. పడుకున్నాడని చెప్పమని నేనే తూదాను బతిమాలాను. ఏడాది చాలనుకున్నాను. ఏడాదికి మరిచిపోతావనుకున్నాను."

ఇత్తో ఏడవలేదు. "ఎక్కడ పెట్టావు?" అంది.

ఆయన చెయ్యి చాచి అరుగును తట్టాడు. రోజూ ఆమె తల పెట్టుకునే చోటే తట్టాడు. "అందుకే నేను ఇక్కణ్ణించి లేవను," అన్నాడు.

సాయంత్రం బస్సూ పెద్దలను పిలిపించి, రెండు గిన్నెలూ వాళ్ళ ముందు పెట్టి, చేతులు వణికి బెజ్జాలు పాడుచేశానని చెప్పాడు. కూతురి పేరు ఎత్తలేదు. సీసం పూసి మళ్ళీ బెజ్జం పెడదామన్నారు ఎవరో. ఏ కొలతకు పెట్టాలని ఆయన అడిగాడు. సరిచూసుకోవడానికి సరైన గిన్నె ఇంక ఎక్కడా లేదు. మర్నాటి నుంచి హమ్మూ వాచీని కాలువ మొదట్లో మేకుకు తగిలించారు. హమ్మూ ఒక్క మాటే అన్నాడు. "వాచీ చూపించి, నా చేను చూడమని చెబుతుంటే నువ్వు నమ్మలేదు కదా మామా." బస్సూ తల వంచాడు. ఆ మాట తగలవలసిన మనిషికీ తగిలింది, ఆమె ఇంటి లోపల గోడకు ఆనుకుని నిలబడి ఉంది.

ఇప్పుడు తొట్టి ఖాళీ. తండ్రీ కూతుళ్ళకు పనేమీ లేదు. అయినా మధ్యాహ్నం ఇద్దరూ అక్కడికే వస్తారు. వచ్చిన మొదటి రోజు ఇత్తో అరుగు మీద చెంప ఆనించి పడుకుంది. చేతిలో ఏమీ లేదు. కలలో వెలుగు అలాగే ఉంది, కోటు అలాగే పరిచి ఉంది. బిడ్డ పోగు సరిచేసి, పక్కనే ఒదిగి పడుకుంది. లేవమనలేదు. ఇక ఏమీ కొలవనక్కరలేదు, అక్కడ గడిచేదేమీ లేదు.

మెలకువ వచ్చాక, ఇన్నేళ్ళ అలవాటు కదా, మాట దానంతటదే నోట్లోంచి వచ్చేసింది. "నాన్నా, ఎంతసేపు పడుకున్నాను?"

బస్సూ తొట్టి వైపు చెవి వంచాడు. అక్కడ నీళ్ళు లేవు, చప్పుడు లేదు. వేళ్ళు గాలిలో ముడి వెయ్యబోయి ఆగిపోయాయి.

"తెలీదు తల్లీ," అన్నాడు.